అయిదో మాట

మా అవ్వ మూడు భాషల్లో తిడుతుంది, నాలుగో భాషలో ప్రార్థన చేస్తుంది.

నన్ను తెలుగులో తిడుతుంది. బోధన్ అంగట్లో వంకాయల బేరం కుదరకపోతే మరాఠీలో తిడుతుంది. పక్కింటి మేక మా గోడ దూకి మునగాకు మేస్తే ఉర్దూలో తిడుతుంది, ఎందుకంటే ఆ మేక ఉర్దూ మాట్లాడే ఇంటిది. తెలుగులో తిడితే దానికి అర్థం కాదని ఆమె గట్టి నమ్మకం. తమిళంలో మాత్రం ఎవరినీ ఒక్క మాట అనదు. పొద్దున్నే మంచం మీద లేచి కూర్చుని, కళ్లు మూసుకుని, దేవుడితో తమిళంలో గుసగుసలాడుతుంది. చిన్నప్పుడు నేను ఆమె పక్కన కూర్చుని అదే గుసగుస, అదే దగ్గు, మధ్యలో ముక్కు ఎగబీల్చడంతో సహా దించేసేవాణ్ణి. ఆమె కళ్లు తెరవకుండానే నా వీపు మీద ఒకటి వేసి ప్రార్థన కొనసాగించేది.

అవ్వ పేరు అన్నపాక్యం. ఆ పేరు బోధన్‌లో ఎవరి నోరూ తిరగలేదు. అందరికీ ఆమె మద్రాసవ్వ. నిజానికి ఆమె పుట్టిన ఊరు మద్రాసుకు ఎంతో కింద, తిరునెల్వేలి వైపు. మద్రాసును ఆమె రైలు కిటికీలోంచి తప్ప చూడలేదు.

వాళ్ల నాయన దేవసహాయం షుగర్ ఫ్యాక్టరీలో బాయిలర్ దగ్గర ఫిట్టర్‌గా వచ్చాడు. అవ్వకు అప్పటికి జడ వేసుకునేంత జుట్టు కూడా లేదట. ఫ్యాక్టరీ నడిచిన కాలంలో ఆ క్వార్టర్లలో ఎన్ని భాషలో. దవాఖానలో మలయాళం నర్సమ్మ, ల్యాబులో హిందీ వాళ్లు, రసం కాచే చోట బీదర్ వైపు కన్నడ వాళ్లు, ఆఫీసులో ఉర్దూ గుమాస్తాలు, చెరుకు కొట్టడానికి మంజీర దాటి వచ్చే మరాఠీ కూలీలు. పిల్లలందరూ ఒకే చెరుకు బండి వెనక పరిగెత్తి గడలు గుంజేవారట. దొంగతనం మాత్రం అందరూ ఒకే భాషలో చేశాం అంటుంది అవ్వ.

మా తాత ఏసుదానం ఇక్కడివాడే, చెరుకు తూకం దగ్గర పనిచేసేవాడు. అవ్వను చర్చిలో చూసి, ఇష్టపడి, పెద్దవాళ్లతో అడిగించి చేసుకున్నాడు. ఆయనకు వచ్చిన తమిళం ఒక్కటే ముక్క, అన్నం పెట్టమని అడిగేది. తాత తల్లి రూతమ్మకు అదీ రాదు. ఒకే గది క్వార్టరులో కోడలూ, చూడటానికొచ్చిన కోడలి చెల్లెలూ తమిళంలో మాట్లాడుకుని కిసుక్కున నవ్వితే, పొయ్యి దగ్గర కూర్చున్న అత్తకు ఎలా ఉంటుంది? తనను చూసే నవ్వుతున్నారనుకుంది. ఒకరోజు గరిటె కింద పడేసి, "నా ఇంట్ల నాకు సమజ్ కాని మాట ఒద్దు" అని చెప్పేసింది. ఆ రోజునుంచి తమిళం ఇంట్లో గుసగుసల్లోకి పోయింది. మా నాయనకూ, ఆశా మేనత్తకూ రాలేదు. రూతమ్మ చనిపోయాక కూడా అవ్వ ఇంట్లో మాట మార్చలేదు. ఎందుకని అడిగితే, "ఎవలితోని మాట్లాడాలెరా? గోడతోనా?" అంది.

అయితే ఆమెకు తమిళం దొరికే చోట్లు కొన్ని ఉన్నాయి. నిజామాబాద్‌లో ఆశా మేనత్త ఇంటికి పోయినప్పుడల్లా, పని లేకున్నా పసుపు యార్డు వైపు నడిచేది. అక్కడినుంచి ఈరోడ్‌కు పోయే లారీలుంటాయి. తమిళ అక్షరాలు రాసున్న లారీ కనబడితే దాని పక్కన నిలబడి, కునుకు తీస్తున్న డ్రైవరును లేపి "తిన్నావా నాయనా?" అని తమిళంలో అడిగేది. నిద్ర చెడగొట్టినందుకు తిట్టబోయినవాడు ఆ మాట విని దిగి వచ్చేవాడు. అయిదు నిమిషాలు మాట్లాడి వెనక్కి వచ్చేసరికి అవ్వ ముఖం స్నానం చేసినట్టుండేది.

రెండోది బోర్ల కాలం. ఈ చుట్టుపక్కల బోర్లు వేసే బండ్లలో చాలావరకు తిరుచెంగోడునుంచి వచ్చేవే. నీళ్లు పడక, బండి వాళ్లతో మాట కలవక రైతులు అవ్వను వెతుక్కుంటూ వచ్చేవారు. అందులో ముందుండేవాడు రాజలింగు. మా వాడకు దగ్గర్లోనే వరి, కొంచెం పసుపు వేసే రైతు. "మద్రాసవ్వా, ఇంకో పైపు దించుమని చెప్పరాదే, గా తంబికి" అని మోటారు సైకిలు మీద ఎక్కించుకుపోయేవాడు. పొలంలో కుర్చీ వేసి, టీ ఇచ్చి, రాయబారం నడిపించేవాడు. తిరిగొచ్చేటప్పుడు బూడిదరంగు బోరు మట్టి ఆమె చీర నిండా చింది ఉండేది.

మూడోది చర్చి. అసలు సంగతి అక్కడే ఉంది.

మా క్వార్టర్ల చర్చిలో గుడ్ ఫ్రైడే నాడు ఒక ఆనవాయితీ. సిలువ మీద ఏసు పలికిన ఏడు మాటలను ఏడు భాషల్లో చదివేవారు. ఫ్యాక్టరీలో ఎవరు ఏ దేశం వాళ్లో అందరూ ఒక్కొక్క మాట పంచుకున్నారు. ఒక మాట చదవడం, దాని మీద అయ్యగారు ప్రసంగం చెప్పడం, పాట, మళ్లీ ఇంకో మాట. మధ్యాహ్నం పన్నెండునుంచి మూడింటిదాకా. మా అవ్వ వాళ్ల నాయనకు అయిదో మాట వచ్చింది. ఏడింటిలో చిన్నది అదే. దాహమైతున్నది అని, అంతే. తమిళంలో ఒక్క ముక్క: తాగమాయిరుక్కిరేన్.

ఆ ఒక్క ముక్కకు దేవసహాయం ముత్తాత ఒక నియమం పెట్టుకున్నాడు. గుడ్ ఫ్రైడే నాడు తెల్లవారినప్పటినుంచి ఆయన చుక్క నీరు ముట్టేవాడు కాదు. బాయిలర్ దగ్గర పనిచేసే మనిషికి దాహమంటే ఏమిటో వేరే చెప్పాలా? తడి గొంతుతో ఆ మాట అంటే అబద్ధమాడినట్టే అనేవాడట. ఆయన పోయాక ఆ మాటా, ఆ నియమమూ అవ్వకు వచ్చాయి. ఏప్రిల్ ఎండలో, పళ్లు రాలిపోయిన నోటితో, పొద్దున్నుంచి ఎండిన నాలుకతో లేచి నిలబడి, కొంగు సర్దుకుని, రెండుసార్లు దగ్గి, ఆ ఒక్క మాట చెప్పి కూర్చునేది. నేను చర్చి గేటు దగ్గర ఐసు వేసిన చెరుకు రసం గ్లాసు ఆమె ముందు తిప్పి తిప్పి తాగేవాణ్ణి. "తాగు తాగు. నీ గొంతు నీది" అనేది.

ఫ్యాక్టరీ మూతపడ్డాక మాటలు ఒక్కొక్కటీ పోయాయి. నర్సమ్మ రిటైరై కేరళ పోయింది, మూడో మాట తెలుగైంది. కన్నడ వాళ్లు బీదర్ వెళ్లిపోయారు, నాలుగోది తెలుగైంది. రెండేళ్ల కిందట మరాఠీ చదివే అనసూయమ్మను కొడుకు నాందేడ్ తీసుకుపోయాడు. చివరికి తెలుగు కానిది ఒక్కటే మిగిలింది. అవ్వది.

పోయిన సంవత్సరం, గుడ్ ఫ్రైడేకు ముందొచ్చే మట్టలాదివారం నాడు ఆరాధన అయ్యాక, చర్చి కార్యదర్శి శాంతి కుమార్ లేచాడు. అతను ఆర్టీసీలో కండక్టరు. బస్సు టైముకు తీయాలన్న రోగాన్ని చర్చిలోకి కూడా తెచ్చినవాడు.

"ఈ ఎండల మూడు గంటలు కూసునుడు పెద్దోళ్లకు కష్టమైతున్నది. ఇగ అన్ని మాటలు తెలుగుల్నే సదువుకుందాం. జెల్ది అయితది, అందరికి సమజ్ అయితది" అన్నాడు.

అవ్వ కూర్చున్నచోటునుంచే అడిగింది. "నా మాటకు ఎంత సేపు పడ్తది బిడ్డా? నువ్వు టికెట్ సింపేంత సేపు."

అందరూ నవ్వారు. శాంతి కుమార్ కూడా నవ్వాడు, కానీ వదల్లేదు.

"సేపు గురించి కాదవ్వా. ఇనేటోళ్లు ఎవలున్నరు చెప్పు? తమిళం నువ్వే సదువుతవు, నువ్వే ఇంటవు."

అయ్యగారు మధ్యలో వచ్చి, "ఈ యేడు సదవనీయి అన్నా. వచ్చే యేడు నుంచి తెలుగు చేద్దాం" అన్నారు. అలా తీర్పు అయిపోయింది. ఆ శుక్రవారం చదివేదే ఆఖరు.

ఇంటికి వచ్చేటప్పుడు అవ్వ నా ఆటోలో వెనక కూర్చుంది. నేను అద్దంలో చూసి, ఆమెలాగే దగ్గి, "తాగమాయిరుక్కిరేన్" అన్నాను. వీపు మీద దెబ్బ పడలేదు.

"ఆడు సెప్పింది నిజమేరా రాజు. మా నాయన మాట నాతోనే పోతది" అంది.

శుక్రవారం వచ్చింది. ఉతికిన తెల్లచీర కట్టుకుని, నీరు ముట్టకుండా, పన్నెండుకు ముందే రెండో బెంచీలో కూర్చుంది. నేను అలవాటు ప్రకారం గేటు దగ్గర చెరుకు రసం తాగి వచ్చి వెనక నిలబడ్డాను. రెండో మాట మీద ప్రసంగం నడుస్తుండగా గుమ్మం దగ్గర రాజలింగు కనబడ్డాడు. తల మీదనుంచి కాళ్లదాకా బోరు మట్టి. చెప్పులు విప్పి, లోపలికి రావాలా వద్దా అన్నట్టు నిలబడి, నన్ను చేత్తో పిలిచాడు.

"అవ్వను జర పంపియ్యి తమ్మీ. నా పొలంల బోరేస్తుంటే పైపు జారి డ్రైవర్ తొడ మీద పడ్డది. బొక్క విరిగింది. మన సర్కార్ దవాఖానకే తెచ్చినం."

"బండోళ్లు లేరా?"

"ఉన్నరు. అందరు బీహారోళ్లే, ఈయనొక్కడే తమిళపాయన. మేనేజర్ ఊరికి పోయిండు. రోజూ నాతోని మంచిగనే తెలుగు మాట్లాడేటోడు. ఇప్పుడు ఒక్క ముక్క వస్తలేదు, అంత తమిళమే. సేతికి పెట్టిన సూది పీకి పారేస్తుండు. నీళ్లకే ఒర్లుతుండనుకుంట. ఆపరేషన్ ఉన్నది, చుక్క గూడ పొయ్యొద్దంటుండ్రు. ఎట్ల సెప్పాలె ఆయనకు?"

నేను వంగి అవ్వ చెవిలో చెప్పాను. ఆమె కదలలేదు.

"నా మాట అయినంక పోదాం" అంది. మళ్లీ తనే, "ఇంక ఎన్నున్నయి?" అని అడిగింది.

"ఇప్పుడు రెండోది నడుస్తుంది."

ఆమె ముందున్న సిలువ వైపు చూసింది. ఇది ఆమెకు ఆఖరుసారి అని నాకు తెలుసు, ఆమెకు తెలుసు, ముందు బెంచీలో కూర్చుని గడియారం చూసుకుంటున్న శాంతి కుమార్‌కూ తెలుసు. అవ్వ బెంచీ పట్టుకుని మెల్లగా లేచింది. ప్రసంగం మధ్యలో ఆమె బయటికి నడుస్తుంటే అందరూ తలలు తిప్పారు.

దవాఖానలో అతన్ని ఇద్దరు బీహారు కుర్రాళ్లు చెరో భుజం పట్టుకుని ఉన్నారు. నలభై దాటిన మనిషి, పేరు సెంగోట్టువేల్. సుష్మ అనే నర్సు మూడోసారి సూది పెట్టడానికి చెయ్యి దొరకక నిలబడి ఉంది. అవ్వ వెళ్లి అతని నుదుటి మీద చెయ్యి వేసి "తంబీ" అంది. అంతే. అతను తల తిప్పి ఆమెను చూశాడు. ఏడుపు మొదలుపెట్టాడు.

నాకు తమిళం రాదు. అవ్వ మాటలు మాత్రం దించీ దించీ కొంత తెలుస్తాయి, మిగతాది తర్వాత అవ్వే చెప్పింది. అతను "తాగమా ఇరుక్కు అమ్మా" అన్నాడు. దాహంగా ఉందమ్మా అని. అన్నేళ్లుగా చర్చిలో లేచి నిలబడి తను చెప్పిన మాటను ఇంకొకరు తనతో చెప్పడం అవ్వ విన్నది అప్పుడే అయుంటుంది. ఆమె చెయ్యి నుదుటి మీదే ఆగిపోయింది.

తర్వాత నెమ్మదిగా చెప్పింది. ఇప్పుడు నీళ్లు తాగితే మత్తు ఇచ్చినప్పుడు ప్రాణానికే ముప్పు అని, ఎముకల డాక్టరు నిజామాబాద్‌నుంచి దారిలో ఉన్నాడని. అతను తల అడ్డంగా ఊపి, ఒక్క గుక్క అన్నట్టు వేలు చూపించాడు. అప్పుడు అవ్వ అతని వేలు పట్టుకుని తన పెదవులకు ఆనించింది. అవి పగిలి పొరలు లేచి ఉన్నాయి.

"నేను గూడ తెల్లారినప్పటిసంది తాగలేదు తంబీ. నువ్వు తాగినంకనే తాగుత. డాక్టర్ సరే అనేదాంక ఇద్దరం కలిసి ఓపిక పడదాం" అంది తమిళంలో.

అతను ఆమె పెదవుల వైపు చూస్తూ ఉండిపోయాడు. ఎందుకు తాగలేదని అడిగాడు. ఇవాళ మా దేవుడు దాహంతో పోయిన రోజు అని చెప్పింది. తానూ ఏటా మొక్కుకుని, తమ ఊరి కొండ మెట్లన్నీ నీళ్లు ముట్టకుండా ఎక్కుతానని అతను చెప్పాడు. "అయితే నీకు అలవాటేగా" అంది అవ్వ. అతని భుజాలు వదులయ్యాయి. చెయ్యి తనంతట తనే చాపాడు. సుష్మ సూది పెట్టింది. తడిపి పిండిన దూది పెదవులకు అద్దవచ్చని సుష్మ చెబితే, అవ్వ అద్దుతూ కూర్చుంది. అదే దూదిని తన పెదవులకు అద్దుకోలేదు.

నేను గోడకు ఆనుకుని నిలబడి ఉన్నాను. అవ్వ నా వైపు తిరిగింది.

"నువ్వింకా ఈడనే ఉన్నవా? పో."

"యాడికి?"

"చర్చికి. నా మాట సదువు."

"నేనా? నన్ను సూసి కోళ్లు గూడ నవ్వుతయి అవ్వా."

"రోజు ఎక్కిరిస్తవు గద నన్ను. పొయ్యి గాడ ఎక్కిరియ్యి."

నేను చర్చి చేరేసరికి నాలుగో మాట పాట అయిపోయింది. అవ్వ లేదని శాంతి కుమార్ తనే అయిదో మాట తెలుగులో చదవడానికి లేచి నిలబడ్డాడు. నేను నడుమ దారిలో ముందుకు నడిచి, "అవ్వ పంపింది" అన్నాను. అతను నన్ను కిందికీ మీదికీ చూసి, ఏమనుకున్నాడో, పక్కకు జరిగాడు.

నోరు తెరిచాక తెలిసింది, ఆ మాటను నేను విడిగా ఎప్పుడూ అనలేదని. అవ్వతో కలిపే నేర్చుకున్నాను. చెయ్యి దానంతట అది లేని కొంగు సర్దింది. రెండుసార్లు దగ్గు వచ్చింది. తరువాత మాట వచ్చింది. వెనక బెంచీలో ఎవరో పిల్ల కిసుక్కుమంది. పెద్దవాళ్లెవరూ నవ్వలేదు. ఒక ముసలామె కళ్లు ఒత్తుకుంటూ పక్కామెతో "అచ్చం మద్రాసవ్వే" అనడం నాకు వినబడింది. నేను మాత్రం నాలుక మీద చెరుకు రసం తీపి ఇంకా ఉందని గమనించాను. గబగబా వచ్చి కూర్చున్నాను.

మూడింటికి ఆరాధన అయ్యాక అందరికీ మజ్జిగ పోస్తారు. శాంతి కుమార్ ఒక స్టీలు గ్లాసు నిండా మజ్జిగ పోయించుకుని, దాని మీద మూత పెట్టి, నా ఆటో ఎక్కాడు. దారంతా చిందకుండా రెండు చేతులతో పట్టుకున్నాడు.

అప్పటికి సెంగోట్టువేల్‌ను ఆపరేషనుకు తీసుకుపోయారు. అవ్వ బయట బల్ల మీద కూర్చుని ఉంది.

"తీస్కో అవ్వా. మూడు దాటింది. ఉపాసం అయిపోయింది" అన్నాడు శాంతి కుమార్.

"ఆయన తాగలే" అంది అవ్వ.

"ఎవలు?"

"తంబి. నేను మాటిచ్చిన."

"ఆయన ఇప్పుడు మత్తుల ఉంటడు అవ్వా. నువ్వు తాగినవో లేదో ఆయనకేం ఎరుక?"

అవ్వ ఆపరేషను గది తలుపు వైపే చూస్తూ కూర్చుంది. శాంతి కుమార్ గ్లాసు పట్టుకుని కాసేపు నిలబడ్డాడు. తరువాత ఆమె పక్కన కూర్చున్నాడు. అతని బస్సు డ్యూటీ సాయంత్రం ఉంది. లేచిపోతాడనుకున్నాను. పోలేదు. ఫోను తీసి ఎవరినో తన బదులు బండెక్కమని బతిమాలుకున్నాడు. రాజలింగు స్నానం కూడా చేయకుండా మట్టి ఆరిపోయిన బట్టలతో వచ్చి, వాళ్లకు ఎదురుగా గోడ వార కూర్చున్నాడు. మధ్యలో సుష్మ వచ్చి "పడిపోతే నిన్ను గూడ మంచమెక్కియ్యాలె" అని అవ్వను కోప్పడి వెళ్లింది. అవ్వ ఆమెను ఏ భాషలోనూ తిట్టలేదు. అప్పుడు నాకు నిజంగా భయం వేసింది.

దీపాలు పెట్టే వేళకు అతన్ని వార్డులోకి తెచ్చారు. మత్తు వదిలి, వాంతి లేదని చూసుకుని, డాక్టరు చెంచాతో నీళ్లు పట్టమన్నాడు. సుష్మ గ్లాసూ చెంచా అవ్వ చేతికే ఇచ్చింది. మొదటి చెంచా అతని నోట్లో పోసింది. అతను మింగాడు. రెండో చెంచా పోయబోతే పెదవులు మూసి, కళ్లతో ఆమె వైపు చూపించాడు, నువ్వు తాగు అన్నట్టు.

ఆ రెండో చెంచా అవ్వ తాగింది. ఆ తర్వాతే శాంతి కుమార్ మజ్జిగ గ్లాసు అందించాడు. అది అప్పటికి వేడెక్కి పులిసిపోయింది. అయినా మొత్తం తాగేసి, గ్లాసు తిరిగిస్తూ ముఖం చిట్లించి, "ఉప్పేసుడు మర్సిండ్రు" అంది. నాకు ప్రాణం లేచి వచ్చింది.

బయటికి వస్తుంటే నన్ను అడిగింది. "సదివినవా?"

"సదివిన."

"తడి గొంతుతోనేనా?"

"చెరుకు రసం తాగిన. ఐసేసుకొని."

అవ్వ నా చెవి పట్టుకుంది, కానీ మెలిపెట్టలేదు. "వచ్చే యేడు ఎండు గొంతుతోని సదువు" అంది.

వచ్చే ఏడు ఆ మాట తమిళంలో లేదు కదా. నేను శాంతి కుమార్ వైపు చూశాను. అతను ఖాళీ గ్లాసును రుమాలుతో తుడుస్తూ ఉన్నాడు. తల ఎత్తకుండానే, "టైముకు రమ్మను వీన్ని" అన్నాడు.

ఈ సంవత్సరం అవ్వను మోకాళ్లు లేచి నిలబడనివ్వలేదు. సెంగోట్టువేల్ కర్ర సాయంతో నడుస్తున్నాడు. ఆదివారాలు ఫోను చేసి అవ్వతో మాట్లాడతాడు, అవ్వ ఫోనును అరచేతిలో పెట్టుకుని ఇల్లంతా వినబడేలా తమిళంలో అరుస్తుంది. ఇంట్లో ఎవరూ వద్దనరు.

గుడ్ ఫ్రైడే నాడు నేను గేటు దగ్గర చెరుకు రసం బండి దాటి వచ్చాను. దాన్ని దాటడం ఎంత కష్టమో ఆ బండి వాడికీ నాకూ తెలుసు. రెండో బెంచీ దగ్గర అవ్వ నన్ను ఆపింది. "తణ్ణి కుడిచ్చియా?" అంది. నీళ్లు తాగావా అని.

"ఇల్లే" అన్నాను, లేదని.

ఆమె నమ్మలేదు. కళ్లజోడు సర్దుకుని, అయ్యగారి ముందే, చర్చి మొత్తం చూస్తుండగా, నా గడ్డం పట్టుకుని నోరు తెరిపించి, నాలుక చూసి, అప్పుడు వదిలింది.